శ్యామసుందరి చెప్పిన తేదీ

సిడ్నీ శివారు ఎడ్మండ్‌సన్ పార్కులో మా వెనక వీధిలో ఉండే శ్యామసుందరి గురించి ఇక్కడి తెలుగువాళ్ళు రెండు రకాలుగా మాట్లాడుకుంటున్నారు. కూతురు ఆస్ట్రేలియా జట్టులో ఆడాలన్న యావకొద్దీ పిల్ల వయసు తగ్గించి రాయించిందని ఒక రకం. పోనీలెండి పాపం, కంగారులో తప్పు తేదీ చెప్పి ఉంటుందని రెండో రకం. మొదటి రకాన్ని చూస్తే నాకు కోపం వస్తుంది. జాలిపడే రెండో రకాన్ని చూస్తే ఒళ్ళు మండిపోతుంది. ఆమె వయసు తగ్గించలేదు, తప్పు తేదీ చెప్పలేదు. అడిగిన మనిషిని అయినవాళ్ళనుకుని ఉన్నదున్నట్టు చెప్పింది, అంతే.

ఈ సంగతి ఆ ఇంటి బయట తెలిసింది నాకూ, ఇంకో ఇద్దరికీ మాత్రమే. అందుకే రాస్తున్నాను. పేర్లు మార్చాను. తేదీలు కూడా కాస్త అటూ ఇటూ జరిపాను. తేదీలు జరపడం మనవాళ్ళకు కొత్తేమీ కాదు కదా.

శ్యామసుందరిది గుంటూరు వైపు ఒక చిన్న టౌను. బీకాం చదివింది. భర్త కేశవరావు సాఫ్ట్‌వేర్ ఉద్యోగి. రెండువేల పదమూడులో స్కిల్డ్ వీసా మీద సిడ్నీ వచ్చారు. అప్పటికి కూతురు వైశాలికి ఐదేళ్ళు. కొడుకు రిషి ఇక్కడికొచ్చాక పుట్టాడు. శ్యామసుందరి ఒక వృద్ధుల కేర్ హోములో వంటగదిలో పనిచేస్తుంది. ఎవరికి ఉప్పు లేని భోజనం, ఎవరికి మెత్తగా చేసిన భోజనం, ఎవరికి పాలు పడవు అన్నది చీటీలు చూసి పళ్ళాలు సర్దే పని. ఇన్నేళ్ళలో ఒక్క పళ్ళెం తారుమారు కాలేదని అక్కడి నర్సులు చెబుతారు. మనిషి నెమ్మది. నాలాగా నోరున్న మనిషి కాదు, నవ్వినా చప్పుడు రాదు. కాగితం మీద తప్పు రాయమంటే మాత్రం దేవుడు దిగొచ్చి చెప్పినా వినదని నేను ఆటపట్టించేదాన్ని.

వైశాలికి తొమ్మిదేళ్ళప్పుడు వాళ్ళ స్కూలుకు ఒక సాఫ్ట్‌బాల్ కోచ్ వచ్చి ఒక పూట పిల్లల్ని ఆడించి వెళ్ళింది. బేస్‌బాల్‌కు చెల్లెలు లాంటి ఆట అది. బంతి కాస్త పెద్దది, చేతిని కిందనుంచి తిప్పి విసురుతారు. వైశాలికి ఆట కంటే ముందు, బ్యాటు పట్టుకున్నవాళ్ళ వెనక కూర్చుని బంతి పట్టే క్యాచర్ ముఖానికి పెట్టుకునే ఇనప జాలీ నచ్చిందట. అది పెట్టుకుని కూర్చునే పనే కావాలని ఇంట్లో పట్టుబట్టింది. మనవాళ్ళు పిల్లల్ని క్రికెట్‌కు పంపుతారు, కూచిపూడికి పంపుతారు, ఎంట్రన్సు రాసి చేరే సెలెక్టివ్ స్కూలు కోచింగుకైతే జ్వరంతో ఉన్నా పంపుతారు. సాఫ్ట్‌బాల్ అంటే "అదేం ఆటండీ, రేపు యూనిలో సీటుకి ఏమైనా పనికొస్తుందా?" అని అడుగుతారు. వైశాలికి తోడుగా మా అమ్మాయి స్నేహను కూడా చేర్పించాను. మూడు సీజన్లు ఆడాక కోచింగుకు టైము చాలట్లేదని నేనే మాన్పించాను. నేనూ ఆ తానులో ముక్కనే.

పేర్లు రాయించుకునే శనివారం మధ్యాహ్నం ఇద్దరం పిల్లల్ని తీసుకుని వెళ్ళాం. గ్రౌండు పక్కన రేకుల షెడ్డు, అందులో ఒక బల్ల, బల్ల వెనక కమలా ఆంటీ. ఆవిడది ఫిజీ. పంతొమ్మిదివందల ఎనభై ఏడు సైనిక తిరుగుబాటు గొడవల తర్వాత అక్కడినుంచి వచ్చేసిన కుటుంబం. ఆవిడ ముత్తాత నెల్లూరు వైపు నుంచి చెరకు తోటల్లో పనికి ఓడెక్కినవాడు. సిడ్నీలో బస్సు నడిపి రిటైరైన ఆవిడ ఆ క్లబ్బులో ఎన్నో ఏళ్ళుగా పేర్లు రాస్తుంది, శనివారాలు సాసేజీలు కాలుస్తుంది. ఇంట్లో మాట్లాడేది ఫిజీ హిందీ. తెలుగు మాత్రం నాయనమ్మ దగ్గర పట్టుబడిన నాలుగు మాటలు. మేమిద్దరం వరసలో నుంచుని మాట్లాడుకుంటుంటే విని లేచి నిలబడింది.

"మీరు తెలుగా? మేమూ తెలుగే బేటీ! మా ఆజీ తెలుగు పాటలు పాడేది," అని శ్యామసుందరి చెయ్యి పట్టేసుకుంది. పేరు, అడ్రసు, ఫోన్ నంబరు ఇంగ్లీషులో అడిగి కంప్యూటర్లో కొట్టుకుంది. తర్వాత తెలుగు మాట్లాడే అవకాశం మళ్ళీ దొరకదన్నట్టు కూడబలుక్కుని, "అమ్మా, పాప ఎప్పుడు పుట్టింది?" అని అడిగింది.

"రెండువేల ఎనిమిది ఫిబ్రవరి పంతొమ్మిది, ఆంటీ. తెల్లవారుజామున. ఆ టైములో మా ఊళ్ళో వాన పడదు, ఆ రోజు పడింది," అంది శ్యామసుందరి.

కమలా ఆంటీ అదే కొట్టింది. కాగితం అడగలేదు. పక్కనే ఉన్న నాకు చిన్న అనుమానం వచ్చింది, అది అసలు తేదీయా, సర్టిఫికెట్ తేదీయా అని. అడుగుదామనుకుని, పిల్లల ఆటకు అంత రాద్ధాంతం దేనికిలే అని ఊరుకున్నాను.

మన పాఠకుల్లో సగం మందికి ఈ రెండు తేదీల సంగతి వివరించక్కర్లేదు. నా సర్టిఫికెట్ ప్రకారం నేను జూన్ ఒకటిన పుట్టాను. మా క్లాసులో ఇరవై మంది జూన్‌లోనే పుట్టారు, హెడ్మాస్టరు గారి పుణ్యమా అని. వైశాలి తరం నాటికి ఈ జబ్బు తగ్గి ఉండాల్సింది, తగ్గలేదు. పిల్ల అమ్మమ్మగారి ఊళ్ళో ఒక చిన్న నర్సింగ్ హోములో పుట్టింది. పుట్టుక వెంటనే నమోదు చేయించలేదు. రెండేళ్ళు దాటాక ఒక పేరున్న స్కూల్లో వేయబోతే వయసు చాలదన్నారు. కేశవరావు తెలిసినవాళ్ళను పట్టుకుని పుట్టినరోజును ఐదున్నర నెలలు వెనక్కి జరిపించాడు. రెండువేల ఏడు సెప్టెంబరు రెండు అని సర్టిఫికెట్ వచ్చింది. "ఏడాది ముందే చదువైపోతుంది, కలిసొచ్చే సంగతే కదా," అన్నాడట. ఆ సర్టిఫికెట్ మీద పాస్‌పోర్టు, పాస్‌పోర్టు మీద వీసా, వీసా మీద ఇక్కడి పౌరసత్వం వచ్చాయి.

ఇక అప్పట్నుంచి ఆఫీసుల్లో అడిగితే సెప్టెంబరు రెండు, ఇంట్లో కేకు కోసేది ఫిబ్రవరి పంతొమ్మిదిన. ఇందులో అబద్ధమాడుతున్నామన్న ఊహే ఎవరికీ ఉండదు. బల్ల అవతలి మనిషి ఇంగ్లీషులో డేట్ ఆఫ్ బర్త్ అని అడిగి ఉంటే శ్యామసుందరి నాలిక దానంతటదే సెప్టెంబరు అనేది. ఆవిడేమో చెయ్యి పట్టుకుని తెలుగులో అడిగింది. మేనత్త అడిగినట్టుంటే ఎవరు మాత్రం సర్టిఫికెట్ తేదీ చెబుతారు?

రెండో సీజన్లో జట్టుకు స్కోరు రాసేవాళ్ళు దొరక్కపోతే శ్యామసుందరి రాస్తానంది. ఆట చూస్తే ముక్క అర్థమయ్యేది కాదు ఆమెకు అప్పట్లో. ఆరు నెలల్లో నిబంధనల పుస్తకం కంఠతా పట్టింది. పరీక్షలు రాసి, ఒక్కో మెట్టే ఎక్కి, రాష్ట్ర స్థాయి ఆటలకు పిలిచే స్కోరర్ అయింది. చీర కట్టుకోవాల్సిన ఫంక్షన్లు మానేసి, టోపీ పెట్టుకుని కంచె వెనక మడత కుర్చీలో కూర్చునేది. కేర్ హోములో ఆమెను "లవ్" అని పిలిచేవాళ్ళే తప్ప పేరు పెట్టి పిలిచినవాళ్ళు లేరు. గ్రౌండులో అంపైర్లు కూడా "షామాను అడగండి" అనేవారు. ఆ మాట నాకు చెప్పి మురిసిపోయేది. ఈ దేశంలో ఆమెకంటూ ఏదైనా గౌరవం ఉందంటే ఆ కుర్చీలోనే ఉంది.

ఒకసారి జిల్లా ఫైనల్లో ఏం జరిగిందో చెప్పాలి. ఆఖరి ఇన్నింగ్సులో బంతి క్యాచర్‌ను దాటి వెనక కంచె దాకా పోయింది. మూడో బేస్ మీదున్న అవతలి జట్టు పిల్ల పరిగెత్తుకొచ్చి పరుగు చేసి, తన జట్టును గెలిపించేసింది. బంతి అలా దాటిపోయినప్పుడు తప్పు విసిరినామెదా, పట్టాల్సినామెదా అన్నది స్కోరర్ తేల్చాలి. శ్యామసుందరి క్యాచర్ తప్పని రాసింది. ఆ క్యాచర్ వైశాలి.

తిరిగొచ్చేటప్పుడు కారు నేనే నడుపుతున్నాను. వెనక సీట్లో వైశాలి ఏడుస్తోంది.

"మమ్, దట్ వాజ్ ఇన్ ద డర్ట్! నాట్ మై ఫాల్ట్!"

"నేలకి తగల్లేదు వైశూ. నీ గ్లవ్ కింద నుంచి పోయింది. నువ్వు లేట్‌గా దిగావు."

"ఎనీ అదర్ మమ్ వుడ్ హావ్ హెల్ప్డ్ మీ."

"హెల్ప్ ఇంట్లో చేస్తాను. అక్కడ చెయ్యను."

నాకే మనసొప్పక, "పోనిద్దూ, చిన్నపిల్ల," అన్నాను. ఇల్లు దగ్గరపడుతుండగా వైశాలి ముక్కు తుడుచుకుని, "ఓకే. ఐ వాజ్ లేట్," అంది. ఆ మర్నాటి నుంచి గరాజ్‌లో తమ్ముడి చేత బంతులు నేలకేసి కొట్టించుకుంటూ వాటికి అడ్డం పడటం మొదలుపెట్టింది. మోకాళ్ళు కమిలిపోయేవి. ఆ తర్వాత ఏ ఆట అయిపోయినా ముందు తల్లి కుర్చీ దగ్గరికే వచ్చి, "వాట్ డిడ్ యూ గివ్ మీ?" అని అడిగేది. కోచ్ మెచ్చుకున్నా నమ్మేది కాదు, తల్లి తలూపితే నమ్మేది.

పదహారేళ్ళ లోపు పిల్లల రాష్ట్ర జట్టుకు ఎంపికైంది. ఆ జట్టు పతకం గెలిచింది. తర్వాత పద్దెనిమిదేళ్ళ లోపు వాళ్ళ ఆస్ట్రేలియా జట్టుకు పిలుపొచ్చింది. జపాన్‌లో అంతర్జాతీయ పోటీలు. పన్నెండు దేశాలు. ఆకుపచ్చా బంగారు రంగుల జెర్సీ మీద మన పిల్ల ఇంటిపేరు. కేశవరావు ఆ ఉత్తరాన్ని ఫొటో తీసి తనకున్న వాట్సాప్ గ్రూపులన్నిటిలో పెట్టాడు. యూనికి పనికొస్తుందా అని అడిగినవాళ్ళే మన అసోసియేషన్ తరఫున శాలువా కప్పారు. ఆ ఫొటోలో శ్యామసుందరి ఒక పక్కన సగమే పడింది.

రెండువేల ఎనిమిది జనవరి ఒకటిన గానీ ఆ తర్వాత గానీ పుట్టినవాళ్ళే ఆడాలన్నది పోటీల నిబంధన. నిబంధనలన్నీ చదివే మనిషి అది కూడా చదివింది. ఫిబ్రవరి పంతొమ్మిదితో సరిచూసుకుంది, సరిపోయింది. పాస్‌పోర్టులో ఏముందో ఆ క్షణాన గుర్తే రాలేదంటుంది. నేను నమ్ముతాను. పురిటి నొప్పులు పడ్డ రోజు గుర్తుంటుంది కానీ ఆఫీసు ముద్ర వేసిన రోజు ఎందుకు గుర్తుంటుంది?

ప్రయాణానికి పాస్‌పోర్టు కాపీ పంపమన్నారు. కేశవరావు ఆఫీసులో స్కాన్ తీసి, కింద రెండు జెండా బొమ్మలు కూడా పెట్టి పంపించాడు. రెండు రోజుల తర్వాత జట్టు మేనేజరు ఫోన్ చేసింది. క్లబ్బు రికార్డులో ఒక తేదీ, పాస్‌పోర్టులో ఇంకో తేదీ ఉన్నాయి, పాస్‌పోర్టు ప్రకారం అమ్మాయికి వయసు మించిపోయింది, గురువారం నాలుగింటికి వీడియోలో విచారణ ఉంటుందని మర్యాదగానే చెప్పింది. కావాలని చేశారని తేలితే నిషేధం ఉంటుందని కూడా చెప్పింది.

ఆ సాయంత్రం శ్యామసుందరి పిలిస్తే వెళ్ళాను. కేశవరావు నిలబడే ఉన్నాడు.

"నీకు బుద్ధుందా అసలు? క్లబ్బులో ఆ డేట్ ఎవరివ్వమన్నారు నిన్ను?"

"అది పుట్టిన డేటే కదండీ."

"పుట్టిన డేట్ ఎవడిక్కావాలి? పేపర్లో ఉన్నది కావాలి!"

ఆమె లోపలికెళ్ళి ఒక పాత టీకాల కార్డు తెచ్చి బల్ల మీద పెట్టింది. నర్సింగ్ హోములో డాక్టరమ్మ స్వహస్తంతో పాప పుట్టిన తేదీ, టైము, బరువు రాసి ముద్ర వేసి ఇచ్చినది. "ఇది చూపిద్దామండీ. పిల్ల తప్పు లేదని తెలుస్తుంది," అంది.

కేశవరావు ముఖం పాలిపోయింది. ఆ కార్డు నిజమైతే పాస్‌పోర్టు అబద్ధం. పాస్‌పోర్టు అబద్ధమైతే దాని మీద కట్టుకున్న కాగితాలన్నీ ఏమవుతాయి? మైగ్రేషన్ ఏజెంటు వెంకీకి ఫోన్ చేసి స్పీకర్లో పెట్టాడు.

"అన్నయ్యా, ఏమీ కాకపోవచ్చు, ఏమైనా కావచ్చు," అన్నాడు వెంకీ. "ఇమిగ్రేషన్‌కి తప్పు డాక్యుమెంట్ ఇచ్చామని మన నోటితో మనమే చెప్పుకుంటామా ఎక్కడైనా? అదీ సాఫ్ట్‌బాల్ కోసం? వదినగారూ, టెన్షన్ పడకండి. క్లబ్‌లో మిస్టేక్ అయిందని సారీ చెప్పేయండి. పాప నెక్స్ట్ ఇయర్ ఆడుకుంటుంది."

"నెక్స్ట్ ఇయర్ లేదు వెంకీ గారూ. పద్దెనిమిది దాటిపోతుంది," అంది శ్యామసుందరి. వెంకీకి అది పెద్ద నష్టంగా తోచలేదు. విడవమంటే పాముకు కోపం, కరవమంటే కప్పకు కోపం అన్నట్టుంది నా పరిస్థితి. అసలు కేశవరావును నాలుగు దులపాలనిపించింది. కానీ ఆయన భయం ఉత్త భయం కాదని నాకూ తెలుసు. జూన్ ఒకటో తేదీ పాస్‌పోర్టు నా బీరువాలోనూ ఉంది.

సంగతి తెలిసి కమలా ఆంటీ బస్సెక్కి వచ్చింది. మోకాళ్ళ నొప్పులతో మెట్లెక్కి, రొప్పుతూనే, "నా మీద వేసెయ్ బేటీ. నేను తప్పు కొట్టాను అంటా. నాకు డెబ్బై దాటింది, నన్నేం చేస్తారు?" అంది.

"మీరు నేను చెప్పిందే రాశారు ఆంటీ. మీ మీద ఎలా వేస్తాను?"

"నేను పేపర్ అడగలేదు. నీ మొహం చూసి రాసేశాను," అని ఆవిడ కొంగుతో కళ్ళు ఒత్తుకుంది. కేశవరావు మాత్రం ఆవిడ వెళ్ళిపోయాక, "ఆవిడే చెప్తానంటుంటే నీకేం పోయింది?" అని మళ్ళీ మొదలుపెట్టాడు. మెట్ల మీద వైశాలి కూర్చుని ఇదంతా వింటోందని మాకెవరికీ తెలియదు. పిల్లలకు తెలుగు రాదని అనుకుంటాం. మాట్లాడరు గానీ వాళ్ళకు అన్నీ అర్థమవుతాయి.

గురువారం పొద్దున శ్యామసుందరి పనికి సెలవు పెట్టి మా ఇంటికొచ్చింది. "చెప్పేస్తానండీ," అంది. "కార్డు చూపిస్తాను. ఆయన ఏమన్నా అననివ్వండి. ఆరేళ్ళ నుంచి దాని మోకాళ్ళకి నేనే కదా ఐస్ పెడుతున్నాను. మీరొచ్చి కాస్త కూర్చోండి, నాకు ధైర్యంగా ఉంటుంది." నాకు సంతోషమేసింది. సరేనని మూడున్నరకల్లా వెళ్ళి, కెమెరాకు కనపడకుండా సోఫాలో కూర్చున్నాను.

భోజనాల బల్ల మీద ల్యాప్‌టాప్. మధ్యలో శ్యామసుందరి, ఒక పక్క కేశవరావు, ఇంకో పక్క వైశాలి. తెర మీద విచారణ చేసే తెల్లజుట్టు ఆవిడ, కఠినమైన మనిషి కాదు. ముందు అందరినీ పలకరించింది. తర్వాత క్లబ్బులో చేరినప్పుడు ఏ తేదీ ఇచ్చారని శ్యామసుందరిని అడిగింది. ఆమె చెప్పింది. అమ్మాయి పుట్టిన తేదీ అదేనా అని ఆవిడ మళ్ళీ అడిగింది.

శ్యామసుందరి ఒళ్ళో కార్డు ఉంది. దాని మీద చెయ్యి కూడా ఉంది. కేశవరావు ఆమె వైపు చూశాడంతే. పన్నెండేళ్ళలో ఆయన భార్యను అలా బతిమాలుకుంటున్నట్టు చూడటం నేనెప్పుడూ చూడలేదు. ఆమె నోరు తెరిచింది. ఏదో అనబోయి ఆగింది. ఒక్క గుటక వేసేంత సేపు ఆగింది.

ఆ సందులో వైశాలి అందుకుంది. ఇంగ్లీషులో, తడుముకోకుండా, స్కూల్లో పాఠం అప్పజెప్పినట్టు చెప్పింది. తాను పుట్టింది రెండువేల ఏడు సెప్టెంబరు రెండున. మమ్ పొరపాటు పడింది. రికార్డులో తప్పుందని పన్నెండేళ్ళప్పుడే తను చూసింది. చిన్న జట్టులో ఆడొచ్చని ఎవరికీ చెప్పలేదు. తప్పు మొత్తం తనదే.

"మీ అమ్మగారికి ఈ విషయం తెలియదా?" అని అడిగింది తెర మీదావిడ.

"తెలియదు. ఆవిడ స్కోరర్. తెలిస్తే ఊరుకునేది కాదు," అంది వైశాలి.

తెర మీదావిడ శ్యామసుందరి వైపు తిరిగి, అమ్మాయి చెప్పింది నిజమేనా అని అడిగింది. కూతురు తల్లి వైపు చూడలేదు. తల్లి కూతురి వైపు చూసింది.

"యెస్," అంది శ్యామసుందరి.

కేశవరావు వదిలిన ఊపిరి సోఫా దాకా వినపడింది. ఆ చప్పుడు తలుచుకుంటే ఇప్పటికీ నాకు ఆయన ముఖం చూడబుద్ధి కాదు. ఆయన్ని అనడం దేనికి, నేను మాత్రం లేచి ఒక్క మాట అన్నానా? పరాయి ఇంటి గొడవ అని సర్దిచెప్పుకున్నాను. నోరున్న దాన్నని నాకు పేరు.

వైశాలికి రెండేళ్ళ నిషేధం పడింది. పదహారేళ్ళ లోపు రాష్ట్ర జట్టు గెలిచిన పతకం కూడా రద్దు చేశారు. ఆ జట్టులోని పదిహేను మంది పిల్లలూ తమ పతకాలు వెనక్కి పంపాల్సొచ్చింది. మూడేళ్ళు ఒకే గదిలో పడుకుని టోర్నమెంట్లు తిరిగిన స్నేహితురాళ్ళు "చీట్" అని ఒకే ఒక్క మాట మెసేజ్ పెట్టి నంబరు బ్లాక్ చేశారు. ఆ జట్టులో బంతి విసిరే పిల్ల తల్లి, ఎన్నోసార్లు స్కోరు మార్చమని శ్యామసుందరి చెవిలో జోరీగలా పోరినావిడ, ఇప్పుడు నిజాయితీ గురించి క్లబ్బు పేజీలో పెద్ద వ్యాసం రాసింది. శ్యామసుందరిని స్కోరర్ల జాబితాలో నుంచి ఎవరూ తీసెయ్యలేదు. తనే తీసెయ్యమని రాసి పంపింది. అంపైర్లు ఒకరిద్దరు ఫోన్ చేస్తే ఎత్తలేదు.

జపాన్‌కు ఇంకో క్యాచర్ వెళ్ళింది. ఆస్ట్రేలియా నాలుగో స్థానంలో వచ్చింది. మూడో స్థానం కోసం ఆడిన ఆటలో బంతి ఆ పిల్లను దాటి రెండుసార్లు వెనక్కి పోయింది. కేశవరావు అది చూసి, భార్యను ఓదారుస్తున్నాననుకుని, "పోన్లే, ఎలాగూ మెడల్ రాలేదు," అన్నాడట. గోరుచుట్టు మీద రోకటి పోటు అంటే ఇదే కాబోలు. చెడ్డవాడు కాదు ఆయన. ఇల్లు కాపాడుకున్నానని ఈనాటికీ మనస్ఫూర్తిగా నమ్ముతున్నాడు.

వైశాలి చదువు ఆయన కోరుకున్నట్టే ఏడాది ముందుగా అయిపోయింది. సిడ్నీలోనే సీటొచ్చినా మెల్‌బోర్న్‌లో చేరతానంది. ఇప్పుడు అక్కడి క్లేటన్‌లో ఇంకో నలుగురు పిల్లలతో ఒక ఇంట్లో ఉంటోంది. సూపర్ మార్కెట్లో సాయంత్రాలు పని చేస్తోంది. ఆదివారం ఆదివారం ఫోన్ చేస్తుంది. తిన్నావా, తమ్ముడు బాగున్నాడా, అక్కడ చలిగా ఉందా అని అడుగుతుంది. దురుసుగా మాట్లాడదు, అలగదు. ఇంట్లో ఉన్నప్పుడు తల్లితో రోజుకు పదిసార్లు పోట్లాడే పిల్ల అది.

పోయిన వారం శ్యామసుందరి గోంగూర ఇద్దామని మా ఇంటికొచ్చింది. వంటింట్లో కూర్చుని ఆకు తుంచుతూ, అడక్కూడదని తెలిసీ నేనే అడిగాను, పిల్ల వెళ్ళేముందు ఆ సంగతి ఎప్పుడైనా ఎత్తిందా అని.

"ఎత్తిందండీ, ఒక్కసారే. బ్యాగ్ జిప్ వేసుకుంటూ 'ఇట్స్ ఓకే మమ్, యూ హాడ్ నో చాయిస్' అంది. తిట్టి ఉంటే బాగుండేది. నాలుగు రోజులు ఏడ్చి తేరుకునేదాన్ని."

"అదంతా నీ మీద ప్రేమతో చేసిందమ్మా. మీ అందర్నీ కాపాడాలని," అన్నాను. అంతకంటే పనికిమాలిన మాట నాకు దొరకలేదు.

ఆమె తుంచిన ఆకును పక్కకు పెట్టి చేతులు చూసుకుంది.

"అది పుట్టినప్పుడు ఆ గదిలో ఉన్నది ముగ్గురమండీ. డాక్టరమ్మ పోయింది. ఆయా ఎక్కడుందో తెలీదు. ఇంక నేనొక్కదాన్నే. నన్నే అడిగారు. నా బిడ్డ ఎప్పుడు పుట్టిందో నాకు తెలీదన్నాను."